గని మూతపడినా ఆగని ఆమ్లం: 1872 నాటి అమెరికా ఖనిజ చట్టం

2015వ సంవత్సరం ఆగస్టు 5వ తేదీన కొలరాడో రాష్ట్రంలోని సిల్వర్టన్ పట్టణానికి ఎగువన, శాన్ హువాన్ పర్వతాలలో ఉన్న గోల్డ్ కింగ్ అనే పాత బంగారు గని నోరు తెరుచుకున్నది. లోపల ఏళ్ళ తరబడి నిలిచిన ముప్పై లక్షల గ్యాలన్ల నీరు ఒక్కసారిగా సిమెంట్ క్రీక్ అనే వాగులోకి, అక్కడి నుండి యానిమస్ నదిలోకి దూకింది. డురాంగో పట్టణం చేరేసరికి నది నారింజపండు రంగుకు మారింది. ఆ నీరు న్యూ మెక్సికో, నవాహో ప్రజల భూములు, యూటా దాటి సాగిపోయింది. షిప్‌రాక్ ప్రాంతపు నవాహో రైతులు నిండు పంటకాలంలో కాలువల తూములు మూసుకుని కూర్చోవలసి వచ్చింది. గని ముఖద్వారం వద్ద మట్టిని కదిలించినవారు మరెవరో కాదు, గనిని పరిశీలించడానికి వచ్చిన పర్యావరణ పరిరక్షణ సంస్థ వారే కావడంతో పత్రికలన్నీ ఆ తప్పిదం మీదనే దృష్టి నిలిపాయి.

కాని ఆ గనిలో బంగారం తవ్వడం ఆగిపోయి అప్పటికి తొంభై ఏళ్ళు దాటింది. తవ్వకం ఆగిన తొంభై ఏళ్ళకు కూడా గనిలో ఆమ్లం ఎందుకు ఊరుతున్నది? ఊరుతున్న ఆమ్లానికి బాధ్యులు ఎవరూ ఎందుకు లేరు? మొదటి ప్రశ్నకు సమాధానం రసాయనశాస్త్రంలో ఉన్నది. రెండవదానికి సమాధానం అధ్యక్షుడు యులిసీస్ గ్రాంట్ 1872 మే 10న సంతకం చేసిన సాధారణ ఖనిజ చట్టంలో ఉన్నది. ఆ చట్టం నేటికీ అమలులో ఉన్నది.

1848 జనవరిలో కాలిఫోర్నియాలోని కొలోమా వద్ద జేమ్స్ మార్షల్ కంటికి బంగారు రేకులు కనిపించేనాటికి ఆ నేల మీద ఏ దేశపు శాసనమూ గట్టిగా నిలదొక్కుకోలేదు. మెక్సికో ఆ ప్రాంతాన్ని అమెరికాకు వదులుకున్న ఒప్పందం తొమ్మిది రోజుల తరువాతగాని కుదరలేదు. వేల సంఖ్యలో వచ్చిపడినవారు తమ కట్టుబాట్లను తామే ఏర్పరచుకున్నారు. ముందు కనుగొన్నవానిది స్థలం. నాలుగు వైపులా గుంజలు పాతి, పని సాగిస్తున్నంత కాలం అది అతనిదే. పని మానితే మరొకరిది. పశ్చిమ రాష్ట్రాల నీటి చట్టానికి మూలమైన 'ముందు వాడుకున్నవానిదే ముందు హక్కు' అనే సూత్రం కూడా ఆ గుడారాలలోనే పుట్టింది. ఆ భూములు అనాదిగా తమవైన ఆదివాసుల మాట ఆ కట్టుబాట్లలో ఎక్కడా లేదు. నెవాడా సెనేటరు విలియం స్టీవర్ట్ చొరవతో 1866లో కాంగ్రెసు ఈ గుడారపు కట్టుబాట్లకే చట్టరూపం ఇచ్చింది. 1872 చట్టం దానిని సమగ్రం చేసింది.

చట్టం చెప్పేది క్లుప్తంగా ఇది. ఫెడరల్ ప్రభుత్వపు బంజరు భూములలో ఎవరైనా ప్రవేశించి, విలువైన ఖనిజం కనుగొంటే, హద్దులు పాతి క్లెయిము వేసుకోవచ్చు. రాతిలోని సిర అయితే ఒక్కొక్క క్లెయిము 1,500 అడుగుల పొడవు, 600 అడుగుల వెడల్పు. ఏటా నూరు డాలర్ల విలువైన పని చేస్తే హక్కు నిలిచి ఉంటుంది. మరికొంత ఖర్చుపెట్టి దరఖాస్తు చేసుకుంటే భూమికే పట్టా వస్తుంది. దాని ధర సిర భూమికి ఎకరానికి ఐదు డాలర్లు, ఇసుకలో బంగారం దొరికే భూమికి రెండున్నర డాలర్లు. తవ్వి తీసిన లోహం మీద ప్రభుత్వానికి చెల్లించవలసిన రాయల్టీ ఏమీ లేదు. సిర ఎవరి హద్దులో పైకి పొడసూపితే వారు అది భూగర్భంలో పొరుగువారి స్థలం క్రిందికి వాలినా వెంట తవ్వుకుంటూ పోవచ్చుననే విచిత్రమైన నిబంధన కూడా ఇందులో ఉన్నది. దాని పుణ్యమా అని మొంటానాలోని బ్యూట్ నగరంలో గని యజమానులతో పోటీపడి న్యాయవాదులు బాగుపడ్డారు.

తరువాతి కాలంలో ఒక్కొక్క ఖనిజాన్నే ఈ చట్టం నుండి తప్పించారు. 1920లో నూనె, సహజవాయువు, బొగ్గు, ఫాస్ఫేటు కౌలు పద్ధతిలోకి వెళ్ళాయి. నూనె, వాయువుల మీద ఎనిమిదో వంతుకు తక్కువ కాని రాయల్టీ విధించారు. 1955లో ఇసుక, కంకర, మామూలు రాయి కూడా తప్పుకున్నాయి. చివరకు మిగిలినవి బంగారం, వెండి, రాగి, యురేనియం, లిథియం వంటి కఠినశిలా ఖనిజాలు. అంటే ప్రభుత్వ భూమిలో కంకర ఎత్తుకునేవాడు వెల చెల్లించాలి, బంగారం ఎత్తుకునేవాడు చెల్లించనక్కరలేదు.

పార, పళ్ళెం పట్టుకున్న మనిషిని దృష్టిలో పెట్టుకొని వ్రాసిన చట్టంగా చూస్తే ఇందులో అంత దోషం కనిపించదు. ఆ మనిషి సిర వెంట సన్నని సొరంగం తవ్వేవాడు. కంటికి కనిపించే బంగారాన్నే ఏరుకునేవాడు. ఈ చిత్రాన్ని తలక్రిందులు చేసినది రసాయనశాస్త్రం. 1887లో స్కాట్లండుకు చెందిన మెకార్థర్, ఫారెస్టు సోదరులు సైనైడు పద్ధతికి పేటెంటు పొందారు. బంగారం ఏ ఆమ్లానికీ సులభంగా లొంగని లోహం. అయినా గాలిలోని ఆమ్లజని సమక్షంలో, పలుచని సైనైడు ద్రావణంలో అది మెల్లమెల్లగా కరిగిపోతుంది. ఆ ద్రావణం క్షారగుణం కలిగి ఉండేటట్లు సున్నం కలుపుతారు. లేకపోతే ప్రాణాంతకమైన హైడ్రోజన్ సైనైడు వాయువు వెలువడుతుంది. ఇరవయ్యో శతాబ్ది ద్వితీయార్ధంలో నెవాడాలో ఈ పద్ధతిని ఇంకొక మెట్టు ఎక్కించారు. ముడిరాతిని పిండి చేయకుండా కంకరగా పగులగొట్టి, ప్లాస్టిక్ పరుపు మీద గుట్టగా పోసి, పైనుండి సైనైడు నీటిని బొట్టుబొట్టుగా చల్లి, అడుగున ఊరివచ్చే ద్రావణంలోని బంగారాన్ని చురుకైన బొగ్గుకు పట్టిస్తారు. దీనితో టన్ను రాతిలో ఒక గ్రాము బంగారం ఉన్నా గిట్టుబాటు కాసాగింది.

ఒక గ్రాము అంటే ఎంతో తెలుగిళ్ళకు వేరే చెప్పనక్కరలేదు. పది గ్రాముల గొలుసుకు, ఒక్క అణువు కూడా వృథా కాకపోయినా, పది టన్నుల ముడిరాయి కావాలి. పావుకిలో వడ్డాణానికి రెండువందల యాభై టన్నులు. ఆ ముడిరాయి చేరడానికి పైనున్న పనికిరాని రాతిని తొలగించాలి. అది తరచుగా ముడిరాతికి రెండు మూడు రెట్లు ఉంటుంది. 1872 నాటి మనిషి కొండలో రంధ్రం చేసేవాడు. నేటి గని కొండనే మరొక చోటికి తరలిస్తుంది.

తరలించిన రాతిలో ఏమున్నదన్నదే అసలు ప్రశ్న. బంగారం, రాగి ఉన్నచోట సాధారణంగా ఇనుప మాక్షికం, అనగా పైరైటు, ఉంటుంది. ఇనుము, గంధకం కలిసిన పచ్చని మెరుపురాయి అది. అనుభవం లేనివారు బంగారమని భ్రమపడేది దానినే. నెవాడాలోని కార్లిన్ ప్రాంతంలోనైతే బంగారం సూక్ష్మదర్శినికి కూడా చిక్కని రేణువులుగా ఆ మాక్షికం లోపలే దాగి ఉంటుంది. భూగర్భంలో, గాలి తగలని చోట, మాక్షికం కోట్ల ఏళ్ళయినా చెక్కుచెదరదు. దానిని పగులగొట్టి గాలికి, వానకు వదిలితే ఆమ్లజనితో కలిసి ఇనుము తుప్పుగానూ, గంధకం గంధకికామ్లంగానూ మారుతుంది. లెక్క కడితే ఒక టన్ను మాక్షికం పూర్తిగా మారినప్పుడు పుట్టే ఆమ్లం టన్నున్నరకు పైగా ఉంటుంది. అదనపు బరువు గాలి నుండి, నీటి నుండి వచ్చినదే.

ఇంతటితో ఆగితే ఈ చర్య చాలా మందకొడిగా సాగవలసినది. 1947లో కోల్మర్, హింకిల్ అనే శాస్త్రజ్ఞులు బొగ్గుగనుల ఆమ్లజలాలలో ఒక బాక్టీరియాను గుర్తించారు. ద్రావణంలోని ఇనుమును ఆమ్లజనితో కలిపి, అందులో పుట్టే శక్తితోనే అది జీవిస్తుంది. అది ఉన్నచోట ఆ మెట్టు లక్షల రెట్లు వేగం పుంజుకుంటుంది. అలా మారిన ఇనుము తిరిగి మాక్షికం మీద పడి దానిని కరిగిస్తుంది. కరిగిన ఇనుమును బాక్టీరియా మళ్ళీ మారుస్తుంది. అంటే ఒకసారి రాజుకున్నాక ఈ నిప్పుకు బయటివారు ఎగదోయనక్కరలేదు. పుట్టిన ఆమ్లం చుట్టుపట్ల రాతిలోని రాగి, జింకు, కాడ్మియం, ఆర్సెనిక్‌లను కరిగించి వాగులోకి చేరుస్తుంది. వాగులో మంచినీరు కలిసి ఆమ్లం పలుచబడగానే ఇనుము విడివడి నారింజరంగు బురదగా అడుగున పేరుకుంటుంది. యానిమస్ నదిలో జనం చూసినది దానినే.

ఈ చర్య ఎంత దూరం పోగలదో కాలిఫోర్నియాలోని రెడింగ్ పట్టణానికి సమీపాన ఉన్న ఐరన్ మౌంటెన్ చెబుతుంది. అక్కడ రాగి కోసం, గంధకం కోసం శతాబ్దం పాటు తవ్వి 1960లలో ఆపేశారు. పి.హెచ్. కొలమానం సున్నా నుండి పద్నాలుగు వరకని పాఠశాలలో చెబుతారు. ఆ గని లోపలి నీటిని పరీక్షించిన అమెరికా భూగర్భ సర్వేక్షణ సంస్థ శాస్త్రజ్ఞులు నార్డ్‌స్ట్రామ్, ఆల్పర్స్ ప్రభృతులకు కనిపించిన అంకె సున్నాకు క్రింద 3.6. ప్రకృతిలో కొలిచిన నీళ్ళలో అంతకంటె తీవ్రమైన ఆమ్లం లేదని 2000లో వారు ప్రకటించారు. లీటరు నీటిలో రెండువందల గ్రాముల వరకు లోహాలు కరిగి ఉన్నాయి. దానిని నీరు అనడం కూడా మర్యాదకే. కొండలో మిగిలిన మాక్షికాన్ని బట్టి చూస్తే ఈ ఆమ్లం ఇంకా మూడువేల ఏళ్ళు ఊరగలదని అంచనా. శాక్రమెంటో నదిలోని చేపలను కాపాడటానికి 1994 నుండి అక్కడ ఒక కర్మాగారంలో సున్నంతో ఆమ్లాన్ని విరుస్తున్నారు. ఖర్చు భరించడానికి పాత యాజమాన్యపు వారసత్వ కంపెనీతో 2000లో కుదిరిన ఒప్పందం విలువ దాదాపు 95 కోట్ల డాలర్లు. వారసులు దొరకడం అక్కడి అదృష్టం. గోల్డ్ కింగ్ వంటి చోట్ల తవ్వినవారి పేర్లు కూడా సమాధిరాళ్ళ మీద తప్ప మిగలలేదు.

1872 చట్టంలోని మౌలికమైన లోపం ఇక్కడ బయటపడుతుంది. గని ఎలా మొదలుపెట్టాలో అది విపులంగా చెబుతుంది. గని ఎలా ముగించాలో ఒక్క మాట చెప్పదు. లోహం బయటకు వెళ్ళడంతో దాని లెక్క పూర్తవుతుంది. గంధకం లెక్క అప్పుడే మొదలవుతుంది.

ఈ ఖాళీని పూరించడానికి ప్రయత్నాలు జరగలేదని కాదు. ప్రభుత్వ భూములకు అనవసరమైన హాని జరగరాదని 1976 నాటి భూనిర్వహణ చట్టం ఆదేశించింది. నీటి కాలుష్య చట్టాలు గనులకూ వర్తిస్తాయి. అయినా కొలరాడోలోని సమిట్‌విల్ వంటివి జరిగాయి. ఆ సైనైడు గుట్టల గని 1986లో మొదలైంది. 1992 డిసెంబరులో కంపెనీ దివాలా ప్రకటించి, శీతకాలపు మంచు నడుమ విషజలాలను అలాగే వదిలి వెళ్ళిపోయింది. రాష్ట్రం వద్ద ఉన్న హామీ ధనం ఒక కోటి డాలర్లకైనా చేరలేదు. శుద్ధికి పట్టిన ఖర్చు పదిహేను కోట్లు దాటింది. ఆ ప్రాంతపు కొండలలో కొంత ఆమ్లం సహజంగానే ఊరుతుందని ఒప్పుకోవాలి. ఎంత ప్రకృతిది, ఎంత గనిది అని తేల్చడానికి రసాయన శాస్త్రజ్ఞులకు చాలా శ్రమ అయింది. మొంటానాలోని జోర్ట్‌మన్-లాండస్కీ గనుల కంపెనీ 1998లో దివాలా తీసింది. ఆ కొండలు ఒకప్పుడు ఫోర్ట్ బెల్‌నాప్ ఆదివాసుల రిజర్వేషనులోనివే. బంగారం ఉన్నదని 1895 ఒప్పందంతో వారి నుండి తీసుకున్నారు. బంగారం పోయింది, ఆమ్లపు వాగులు వారి వైపు మిగిలాయి. ఇటువంటి అనుభవాల తరువాతగాని, ప్రభుత్వ భూములలోని ప్రతి గనికి పునరుద్ధరణ ఖర్చంతా ముందుగా హామీ పెట్టాలన్న నిబంధన 2001లో గట్టిపడలేదు. ఖర్చును లెక్కించడమే కష్టం. ఇరవై ఏళ్ళకు లెక్క కట్టవచ్చు. మూడువేల ఏళ్ళకు హామీ ఇచ్చే బ్యాంకు ఏది?

చట్టాన్నే మార్చాలన్న వాదన పాతదే. 1969లో పదవి విడుస్తూ అంతర్గత వ్యవహారాల మంత్రి స్టూవర్ట్ యూడాల్ ఆ పని చేయమని కోరారు. 1994 మే నెలలో అదే పదవిలో ఉన్న బ్రూస్ బాబిట్, కోర్టు ఆజ్ఞకు తలవంచి, నెవాడాలోని గోల్డ్‌స్ట్రైక్ గని భూములు దాదాపు 1,950 ఎకరాలకు పట్టా వ్రాసి ఇచ్చారు. ఆ నేలలోని బంగారం విలువ వెయ్యి కోట్ల డాలర్లని అంచనా. ప్రభుత్వానికి ముట్టినది పదివేల డాలర్లకు లోపు. కంపెనీ చట్టవిరుద్ధంగా ఏమీ చేయలేదు. చట్టమే అలా ఉన్నది. ఆ అక్టోబరు నుండి కొత్త పట్టా దరఖాస్తులను కాంగ్రెసు నిలిపివేసింది. కాని ఆ నిలుపుదల ఏటేటా బడ్జెటులో పొడిగించే తాత్కాలిక ఏర్పాటే. రాయల్టీ విధించే బిల్లులు 1993లోను, 2007లోను ప్రతినిధుల సభలో నెగ్గి కూడా చట్టాలు కాలేకపోయాయి. 2007లో సెనేటు అధిక పక్ష నాయకుడు హ్యారీ రీడ్ నెవాడావాడు, బంగారు గని కార్మికుని కుమారుడు.

గనుల పక్షం వాదనలో ఒక శాస్త్రీయమైన అంశం ఉన్నది, దానిని కొట్టిపారవేయరాదు. ముడిఖనిజం అన్నది రసాయన నిర్వచనం కాదు, ధరల నిర్వచనం. టన్నుకు అర గ్రాము ఉన్న రాయి నేడు ఖనిజం కావచ్చు. ఖర్చు పెరిగితే రేపు అదే రాయి చెత్త. స్థూల ఆదాయం మీద రాయల్టీ వేస్తే హద్దు మీదనున్న రాయి చెత్తకుప్పకు చేరుతుంది, అందులోని మాక్షికంతో సహా. కాబట్టి రాయల్టీని నికర ఆదాయం మీద వేయడం మేలన్న వాదన అర్థరహితం కాదు. అయితే రాయల్టీ గురించిన రభసలో మరుగున పడుతున్నది కదిలించిన రాతి లెక్క. 1977 నాటి బొగ్గు గనుల చట్టం ఆ లెక్క పట్టుకున్నది. ఉపరితల గనులు టన్నుకు 35 సెంట్లు, భూగర్భ గనులు 15 సెంట్లు కట్టాలని నియమించి, ఆ నిధితో పాత బొగ్గు గనులను బాగుచేయించింది. కఠినశిలా గనులకు అటువంటి నిధి లేదు. పాత గనుల ఆనవాళ్ళు ఫెడరల్ భూములలోనే కనీసం 1,40,000 ఉన్నాయని ప్రభుత్వ జవాబుదారీ కార్యాలయం 2020లో తెలిపింది. హాని చేసేది బంగారం కాదు, రాయి. అందువలన రుసుము రాతి బరువును బట్టి ఉండటమే న్యాయంగా తోస్తుంది. కొన్ని ఇటీవలి ముసాయిదాలలో ఆ ఆలోచన చోటు చేసుకున్నది.

రాతిని ఎక్కడ పోయాలన్నది కూడా కోర్టులకు ఎక్కింది. అరిజోనాలో రోజ్‌మాంట్ రాగి గని వ్యర్థాలను కరొనాడో జాతీయ అరణ్యంలోని, విలువైన ఖనిజం లేని భూమి మీద పోయడానికి 1872 చట్టం హక్కు ఇవ్వదని 2022లో తొమ్మిదవ సర్క్యూట్ న్యాయస్థానం తీర్పు చెప్పింది. చట్టం అక్షరాలా అంతే చెబుతుంది. 1872లో కొండంత చెత్త ఎవరి ఊహకూ అందలేదు మరి. ఆ తీర్పును త్రిప్పివేయాలని కాంగ్రెసులో బిల్లులు వచ్చాయి.

భారతదేశంలో ఖనిజాలు కౌలు మీదనే ఇస్తారు, 1957 చట్టం ప్రకారం రాయల్టీ ఉన్నది. చిన్నతరహా ఖనిజాలకు సీనరేజి కట్టడం మన పల్లెలలో అందరికీ తెలిసినదే. విశాఖ మన్యంలోని గనుల కౌళ్ళ వ్యవహారంలో, షెడ్యూల్డు ప్రాంతపు భూములను ప్రభుత్వమైనా గిరిజనేతరులకు కౌలుకు ఇవ్వరాదని 1997లో సమతా కేసులో సుప్రీం కోర్టు ఇచ్చిన తీర్పు వంటిది అమెరికా ఆదివాసులకు ఈ విషయంలో లభించలేదు. అలాగని అక్కడ అంతా సవ్యంగా ఉన్నదనుకోరాదు. చిత్తూరు సరిహద్దున ఉన్న కోలారు బంగారు గనులు 2001లో మూతపడ్డాయి. ఆ ఊరి నడుమ సైనైడు దిబ్బలు మిగిలిపోయాయి. వేసవి గాలికి లేచే ఆ ధూళిని పీల్చేవారిలో గనిలో పనిచేసిన తెలుగు, తమిళ కుటుంబాలవారు ఉన్నారు. రాయల్టీ ఉన్నంత మాత్రాన దిబ్బ కదలదు.

ఇప్పుడు ఈ విషయానికి కొత్త తొందర వచ్చింది. విద్యుత్ వాహనాల బ్యాటరీలకు కావలసిన లిథియం కూడా 1872 చట్టం క్రిందనే ఉన్నది. నెవాడాలోని థాకర్ పాస్ వద్ద మట్టిలోని లిథియంను గంధకికామ్లంతోనే కరిగించి తీయబోతున్నారు. చమురును వదలడానికి లిథియం కావాలి, రాగి అంతకంటె ఎక్కువగా కావాలి. గనులే వద్దనడం ఎవరికీ సాధ్యం కాదు. 2023 సెప్టెంబరులో ఫెడరల్ శాఖల ఉమ్మడి బృందం క్లెయిముల బదులు కౌలు పద్ధతిని, 4 నుండి 8 శాతం రాయల్టీని, పాత గనుల కోసం నిధిని సిఫారసు చేసింది. దానిని కాంగ్రెసు చట్టం చేయలేదు.

చట్టమైనది మరొకటి. ఇంతకాలం, దిక్కులేని గనిని బాగుచేయడానికి ఏ మత్స్యప్రియుల సంఘమో ముందుకు వచ్చినా, చేయి పెట్టిన క్షణం నుండి ఆ గని నీటికంతటికీ నీటి కాలుష్య చట్టం క్రింద వారే బాధ్యులయ్యే ప్రమాదం ఉండేది. అందువలన గని మీద చేయి వేయడానికి ఎవరూ సాహసించలేదు. పాతికేళ్ళ ప్రయత్నం తరువాత, 2024 డిసెంబరు 17న అధ్యక్షుడు బైడెన్ సంతకంతో ఆ అడ్డంకి తొలగింది. గనితో పూర్వ సంబంధం లేనివారు అనుమతి పొంది, నీటి స్థితిని మెరుగుపరిస్తే చాలు. పూర్తిగా నిర్మలం చేయలేకపోయినా శిక్ష ఉండదు. ప్రస్తుతానికి ఇది ఏడేళ్ళ ప్రయోగం. దేశం మొత్తం మీద పదిహేను పనులకు మించి అనుమతి ఇవ్వరాదని చట్టంలోనే వ్రాశారు.